ఎర్ర గడి నీలి గడిని తాకినప్పుడు

స్టేషన్ ఘన్‌పూర్‌లో రైలు దిగి బస్టాండుకు నడిచే దారిలో మా పెద్దమ్మ ఈశ్వరమ్మకు ఒకప్పుడు ఎస్‌టీడీ బూత్ ఉండేది. దాన్ని ఆనుకునే పెద్దబాపు కైలాసం కిరాణా దుకాణం. సెల్‌ఫోన్లు వచ్చాక బూత్‌కు వచ్చేవాళ్లు తగ్గిపోయారు. అద్దాల గదిలో ఖాళీగా కూర్చోవడం పెద్దమ్మకు చేతకాలేదు. 2004లో జనగామ వెళ్లి ఒక పాత కలర్ టీవీ, ఒక వీడియో గేమ్ పెట్టె, నాలుగు క్యాసెట్లు కొనుక్కొచ్చింది. ఫోన్లు తీసేసి అదే గదిలో రెండు బెంచీలు వేసింది.

"దుకాణం ముంగట పోరగాళ్లను జమ చేస్తవా? పప్పుల డబ్బాలు ఎవలు కాయాలె?" అన్నాడట పెద్దబాపు.

"నువ్వే కాయి. నీకు వేరే పనేమున్నది?" అన్నదట పెద్దమ్మ.

వాళ్లకు పిల్లలు లేరు. ఆ గది నిండా సాయంత్రానికల్లా పిల్లలే.

నాలుగు క్యాసెట్లలో మూడింటిని ఎవరూ ముట్టేవారు కాదు. నాలుగోదాని మీద లేబుల్ ఊడిపోయింది. ఇద్దరు మనుషులు ఎదురెదురుగా నిలబడి కొట్టుకునే ఆట అది. దాన్ని కొట్లాట క్యాసెట్ అనేవారు. అందులోని ఆటగాళ్ల పేర్లు ఇంగ్లిషులో వచ్చేవి గానీ ఎవరికీ పట్టింపు లేదు. లావుగా ఉన్నవాడు బండోడు. పొడవు జడ ఉన్నామె జడలమ్మ. కర్ర పట్టుకున్న ముసలాయన పేరు కర్ర తాత.

ఒకసారి ప్యాడ్ మీద ఒక బటన్ పని చేయక పెద్దమ్మ జనగామలో రిపేర్లు చేసే శ్యాం దగ్గరకు తీసుకుపోయింది. శ్యాం క్యాసెట్ పెట్టి, రెండు ప్యాడ్ల మీదా ఏవో బటన్లు ఒకేసారి పట్టుకుని, అప్పుడు పెట్టె స్విచ్ వేశాడు. ఆట రాలేదు. నల్లటి తెర మీద తెల్లటి అక్షరాల వరుసలు, ఒక్కో వరుస చివర ఒక సున్నా వచ్చాయి.

"ఏందిర శ్యాం గిది? ఖరాబయిందా?"

"ఖరాబు కాలే అమ్మా. గిది ఆడేటోళ్లకు కాదు. ఆట తయారు చేసినోళ్లు పరీక్ష చేసుకునేటందుకు పెట్టుకున్న టెస్టింగ్. తీసేసుడు మర్చిపోయినట్టున్నరు. బటన్లు పడుతున్నయో లేదో చూసుకోనీకి నాకు పనికొస్తది."

"మల్లొకసారి చెయ్యి."

శ్యాం మళ్లీ చేశాడు. మూడోసారి పెద్దమ్మే చేసింది. శ్యాంకు అది ప్యాడ్లు చూసుకునే పనిముట్టు మాత్రమే. పెద్దమ్మ మిగతా వరుసల్లో ఏముందో చూద్దామని ఇంటికి వచ్చింది.

ఇంగ్లిషు పెద్దగా చదవలేదు కాబట్టి వరుసలు లెక్కపెట్టుకుంది. పైనుంచి మూడో వరుసలో సున్నాను ఒకటి చేస్తే ఆటగాళ్ల ఒంటి మీద గీతలతో గడులు కనిపిస్తాయి. ఒళ్లంతా నీలి గడులు. చెయ్యి విసిరినప్పుడు పిడికిలి దగ్గర, కాలు ఎత్తినప్పుడు పాదం దగ్గర ఎర్ర గడి. ఎర్ర గడి ఎదుటివాడి నీలి గడిని తాకితేనే దెబ్బ తగిలినట్టు. ఆరో వరుస మారిస్తే ఆట ఆగిపోతుంది. అప్పటి నుంచి సెలెక్ట్ బటన్ నొక్కిన ప్రతిసారీ తెర మీద ఒక్క బొమ్మ, అంటే ఒక్క ఫ్రేమ్ మాత్రమే ముందుకు కదులుతుంది. అలాంటివి సెకనుకు అరవై బొమ్మలు. కంటికి రెప్పపాటులో అయిపోయే గుద్దు, ఇక్కడ భుజం కదలడం నుంచి పిడికిలి చాపడం దాకా అయిదు బొమ్మలు.

ఆమె చేసింది కొలవడం. నేను ఎమ్మెస్సీ ఫిజిక్స్ చదివి, అదే పనిని ప్రయోగశాలలో పేరు పెట్టి నేర్చుకున్నాను. ఆమెకు పేరు అక్కర్లేదు. పిల్లల పంచాయితీలు తెగితే చాలు.

ఆ గదిలో పంచాయితీ లేని రోజు లేదు.

"నేనే ముందు గుద్దిన!"

"నీ మొహం. నా కాలు లేసినంక నీ చెయ్యి లేసింది."

"అమ్మా, వీడు తొండి చేస్తుండు!"

పెద్దమ్మ అప్పడాల కర్రతో బల్ల మీద ఒక దెబ్బ వేసేది. ఆట ఆపి, పెట్టెను టెస్టింగ్‌లో పెట్టేది. ఇద్దరినీ చెరో ప్యాడ్ పట్టుకుని, గొడవ వచ్చిన చోటుకు తమ ఆటగాళ్లను తెచ్చి నిలబెట్టమనేది. చూసినవాళ్లను అడిగేది. ఎవరు ఎక్కడున్నారు? ఎవరు ఎప్పుడు నొక్కారు? అందరూ ఒప్పుకున్నాక, ఇద్దరూ తమ బటన్ నొక్కి పట్టుకోవాలి. ఆమె సెలెక్ట్ నొక్కుతూ బొమ్మలు జరిపేది. గదంతా కలిసి లెక్కపెట్టేది. ఒకటి, రెండు, మూడు. ఎవరి ఎర్ర గడి ముందు తాకితే వాడు గెలిచినట్టు. తీర్పు చెప్పాక ఎవరూ నోరెత్తకూడదు. ఎత్తినవాడికి వారం దాకా ప్యాడ్ లేదు.

ఈ మాట ఊళ్లో పాకింది. "పోలీస్ స్టేషన్ల తెగనియి గుడ ఈశ్వరమ్మ తాన తెగుతయి" అని పెద్దబాపు వచ్చిపోయేవాళ్లతో ఎకసెక్కంగా అనేవాడు. లోపల గర్వమేనని నా అనుమానం.

లక్ష్మా ఆ గదికి 2005లో వచ్చాడు. పెద్దవంగర దగ్గరి ఒక లంబాడీ తండా అతనిది. ఐటీఐ చదువుతూ హాస్టల్లో ఉండేవాడు. అప్పటికి పద్దెనిమిదేళ్లు. మిగతావాళ్లు బడి వదిలాక వస్తే, అతను క్లాసులు లేని మధ్యాహ్నాలు, గది ఖాళీగా ఉన్నప్పుడు వచ్చేవాడు. ఆడటం కంటే ఆ టెస్టింగ్ చూడటమే ఎక్కువ ఇష్టం. పెద్దమ్మ వరుసలు లెక్కపెట్టడం చూసి నవ్వాడట.

"గట్ల లెక్కపెట్టుడెందుకు అమ్మా? ఇండ్ల రాసున్నది గద."

"నువ్వు చదువు మరి. ఎవలొద్దన్నరు?"

అలా మొదలైంది. ఒక వరుస ఆటగాళ్ల ఆయుష్షు తగ్గకుండా చేసేదని, ఇంకొకటి సమయం అయిపోకుండా ఆపేదని అతను చదివి చెప్పాడు. ఇద్దరూ మధ్యాహ్నమంతా కూర్చుని ప్రతి ఆటగాడి ప్రతి దెబ్బనూ కొలిచేవాళ్లు. జడలమ్మ తన్ను ఏడో బొమ్మకు తాకుతుంది. బండోడు తలతో కుమ్మితే ఎనిమిదో బొమ్మకు. అతను చెప్పేవాడు, ఆమె ఒక రూళ్ల పుస్తకంలో తెలుగులో రాసుకునేది. రెండు గంటలకు ప్యాసింజర్ రైలు పోయే చప్పుడుకు టీ పెట్టేది. ఆమె టీలో అల్లం ఎక్కువైతే అతను దగ్గేవాడు, ఆమె తిట్టేది. పెద్దమ్మ జీవితంలో ఒక మనిషితో కూర్చుని, వంట గురించీ చుట్టాల గురించీ కాకుండా మరో సంగతి మాట్లాడింది ఆ ఏడాదే. ఈ మాట ఆమె అనలేదు. నేను అంటున్నాను.

2006లో కురవి జాతర అయిన తర్వాతి ఆదివారం ఆ గదిలో పోటీ పెట్టారు. గెలిచినవాడికి మూత ఉన్న పెద్ద స్టీలు డబ్బా బహుమతి. ఆఖరి ఆట లక్ష్మాకూ ప్రకాశ్‌కూ. ప్రకాశ్ వాళ్లది విత్తనాలు, పురుగుమందుల దుకాణం, అక్కడే స్టేషన్ రోడ్డులో. అతని వెంట పది మంది. లక్ష్మా వెంట ఎవరూ లేరు.

ఆ రోజు నేను అక్కడ లేను. పెద్దమ్మ నోట చాలాసార్లు విన్నాను. ప్రతిసారీ ఒక్క మాట కూడా మారకుండా చెబుతుంది.

ఇద్దరి ఆయుష్షూ ఒక్క దెబ్బ మిగిలేదాకా వచ్చింది. లక్ష్మా ఆడే జడలమ్మ గాల్లోకి ఎగిరి ప్రకాశ్ ఆడే బండోడి ముందు దిగింది. దిగగానే లక్ష్మా తన్ను నొక్కాడు. అదే క్షణం ప్రకాశ్ తలతో కుమ్మాడు. జడలమ్మ పడిపోయింది. లక్ష్మా ఒప్పుకోలేదు. తన్నుకు ఏడు బొమ్మలు, కుమ్ముకు ఎనిమిది. ఒకేసారి నొక్కితే నేనే గెలవాలి అన్నాడు. లెక్క పెద్దమ్మ పుస్తకంలోదే.

పెద్దమ్మ టెస్టింగ్‌లో పెట్టింది. జడలమ్మ పాదం నేలను తాకిన బొమ్మ దగ్గర ఆపింది. ఇద్దరూ బటన్లు నొక్కి పట్టుకున్నారు. గది లెక్కపెట్టింది. ఎనిమిదికి బండోడి తల దగ్గర ఎర్ర గడి వచ్చి నీలి గడిని తాకింది. జడలమ్మ కాలు ఇంకా పూర్తిగా లేవలేదు.

"బటన్ సక్కగ పడలే అమ్మా. మల్లొకసారి" అన్నాడు లక్ష్మా.

రెండోసారీ అంతే.

"ప్యాడ్లు మార్చి చూద్దాం. వానిది నాకియ్యి, నాది వానికి."

ఈలలు, కేకలు మొదలయ్యాయి. "ఓడినంక ప్యాడ్ మీద పడ్డవారా?" అని ఒకరు. "తండోనికి డబ్బా మీదనే కన్ను" అని ఇంకొకరు. తన గదిలో తీర్పు మీద తీర్పు అడగడం పెద్దమ్మకు కొత్త. ఆ చప్పుడులో ఆమెకు చిరాకెత్తింది.

"చాలియ్యి లక్ష్మా. దొంగాట ఆడకు" అన్నది.

అతను ప్యాడ్ మెల్లగా బెంచీ మీద పెట్టాడు. చెప్పులు తొడుక్కుని వెళ్లిపోయాడు. వెనక ఎవరో "దొంగ లంబాడీ" అని అరిచారు. పెద్దమ్మ అన్న మాటకే ఆ అరుపు తోకలా వచ్చింది. ఆ అరిచినవాడిని ఆమె ఏమీ అనలేదు. అది కూడా ఆమే చెబుతుంది, దాచదు.

నాలుగు రోజులు అతను రాలేదు. అయిదో రోజు పెద్దమ్మ ఆ ప్యాడ్ మరలు విప్పి చూసింది. తన్ను బటన్ కింది రబ్బరు సగానికి చిరిగి ఉంది. శ్యాం ఆ టెస్టింగ్‌ను చూపించిందే బటన్లు పరీక్షించడానికి. ఆమె దానితో మనుషులను పరీక్షించింది గానీ, ఆ రోజు ప్యాడ్‌ను పరీక్షించలేదు.

హాస్టల్‌కు వెళ్లింది. పరీక్షలకు ముందే ఇంటికి పోయాడన్నారు. పెద్దవంగర వెళ్లింది. ఆ చుట్టుపక్కల తండాలు ఎన్నో ఆమెకు తెలియదు.

"లక్ష్మానా? ఏ లక్ష్మా అవ్వా? మా ఒక్క తండలనే ఏడుగురున్నరు" అన్నాడట ఒకాయన.

"ఐటీఐ చదివినోడు. సన్నగ ఉంటడు. ఫైటింగ్ మంచిగ ఆడుతడు."

"ఫైటింగా? గా ముచ్చటైతే అందరు ఆడుతరు" అని నవ్వాడు.

ఏ లక్ష్మా బొంబాయిలో ఉన్నాడో, ఏ లక్ష్మా పుణెలో ఉన్నాడో ఎవరూ సరిగా చెప్పలేకపోయారు. ఆమె తిరిగి వచ్చేసింది. 2009లో గది మూసేసింది. పెట్టెను పాత చీరలో చుట్టి బీరువా మీద పెట్టింది. చిరిగిన రబ్బరు మార్పించింది. ఏడాదికి రెండుసార్లు దింపి, పని చేస్తోందో లేదో చూసి మళ్లీ చుట్టిపెడుతుంది. పెద్దవంగర దిక్కు నుంచి వచ్చినవాళ్లెవరైనా కనిపిస్తే అడుగుతుంది. పెళ్లిలో వంటమనిషిని అడిగింది. ఆసుపత్రిలో పక్క మంచం ఆమెను అడిగింది. ఆ అలవాటు నాకూ అంటింది.

ఇరవై ఏళ్లు కావస్తున్న సమయంలో ఈ జూన్‌లో మా బాబు అభినవ్‌ను భూపాలపల్లిలో నర్సరీలో వేశాం. మావారి ఉద్యోగం ఇక్కడ. అభినవ్‌కు చలికాలం ఆయాసం వస్తుంది. బడి వ్యాన్ మొదటి రోజు ఇంటి ముందు ఆగినప్పుడు నేను డ్రైవర్‌ను వదల్లేదు. తలుపు లోపలి నుంచి తెరుచుకుంటుందా? బొగ్గు లారీలు తిరిగే రోడ్డు మీద పోతారా, లోపలి రోడ్డు మీదా? పిల్లాడికి దగ్గు వస్తే ఎవరు చూస్తారు? ఇన్‌హేలర్ ఈ జేబులో ఉంది, చూశారా?

ఆయన అన్నిటికీ ఓపికగా జవాబు చెప్పాడు. నలభైకి దగ్గరగా ఉన్న మనిషి, చెవుల దగ్గర తెల్ల వెంట్రుకలు. "ఇంకేమన్న ఉన్నయా మేడం? వెనకాల పదకొండు మంది పిల్లలున్నరు" అన్నాడు.

"మీది ఏ ఊరన్నా?"

"పెద్దవంగర దిక్కు. తండా."

నోరు ఆగలేదు. "మీకు ఐటీఐ చదివిన లక్ష్మా అనే ఆయన తెలుసా? ఘన్‌పూర్ హాస్టల్లో ఉండేవాడు."

ఆయన స్టీరింగ్ మీద నుంచి చెయ్యి తీశాడు. "ఎవరడుగుతున్నరు?"

"స్టేషన్ రోడ్డులో ఎస్‌టీడీ బూత్ ఈశ్వరమ్మ. మా పెద్దమ్మ."

వెనక పిల్లలు అరుస్తున్నారు. ఆయన అద్దంలో వాళ్లను చూసి, "కూసోండ్రి" అన్నాడు. గేరు వేశాడు. "నేనే" అని వెళ్లిపోయాడు.

ఫోన్ చేసి పెద్దమ్మకు చెప్పాను. "మనిషి మంచిగున్నడా?" అని మాత్రం అడిగింది.

శనివారం ఆమె హనుమకొండలో బస్సు మారి, ఒళ్లో చీరమూటతో భూపాలపల్లిలో దిగింది. పెద్దబాపు ఫోన్‌లో నాతో అన్నాడు: "గా పెట్టెను పసిపిల్లను ఎత్తుకున్నట్టు ఎత్తుకొని పోయింది. అరవై దాటినంక గేములాడనీకి పోతుంది. నువ్వన్న జర చెప్పు బిడ్డా."

నేను లక్ష్మాకు ఫోన్ చేసి ఆదివారం మధ్యాహ్నం టీకి రమ్మన్నాను. "ఎందుకు మేడం, ఎప్పటియో ముచ్చట్లు. నేను మర్చిపోయిన" అన్నాడు. అయినా వచ్చాడు. వెంట భార్య సోని. ఇద్దరూ సోఫా అంచున కూర్చున్నారు. పెద్దమ్మ అతన్ని చూసి, "లావైనవు" అన్నది. అతను తల ఊపాడు.

పెద్దమ్మ పెట్టెను మా టీవీకి కలిపింది. అందుకు కావలసిన వైరు ముందు రోజే తెప్పించాను. ఆమె రెండు ప్యాడ్ల మీదా బటన్లు పట్టుకుని స్విచ్ వేసింది. మామూలు ఆటే వచ్చింది. మళ్లీ వేసింది. మళ్లీ ఆటే. ఈ మధ్య ఆమె వేళ్లు వణుకుతున్నాయి, బటన్లు ఒకేసారి పడటం లేదు. మూడోసారీ పడలేదు. అభినవ్ టీవీకి మరీ దగ్గరగా నిలబడితే నేను వెనక్కి లాగాను.

లక్ష్మా లేచి వచ్చి నేల మీద కూర్చున్నాడు. "కిందిది ముందు పట్టాలె అమ్మా. తర్వాత నడిమిది" అని రెండో ప్యాడ్ తీసుకున్నాడు. తెర నల్లబడి వరుసలు వచ్చాయి.

మర్చిపోయానన్న మనిషి వేలు సరిగ్గా దాని చోటికే వెళ్లింది. పెద్దమ్మ అది చూసింది.

"ఆ దినం ప్యాడ్ ఖరాబున్నది లక్ష్మా. రబ్బర్ చినిగింది. నువ్వు చెప్పినవు, నేను ఇనలే. ఇప్పుడు మంచిగ చేపిచ్చిన. ఆ తీర్పు మల్ల చెప్పాలె. దానికోసమే వచ్చిన."

"ఇప్పుడెందుకమ్మా?"

"నువ్వు గెలిచినవని నా నోటితోని చెప్పాలె గద."

బండోడి ప్యాడ్ నా చేతికి, జడలమ్మది లక్ష్మా చేతికి ఇచ్చింది. అతనితో జడలమ్మను ఎగరేయించి, పాదం నేలను తాకిన బొమ్మ దగ్గర ఆపింది. "పట్టుండ్రి" అన్నది. ఇద్దరం నొక్కి పట్టుకున్నాం. ఆమె బొమ్మలు జరుపుతూ పైకే లెక్కపెట్టింది. అయిదు, ఆరు. ఏడుకు ఆమె గొంతు పెరిగింది.

ఏడుకు ఎర్ర గడి రాలేదు. ఎనిమిదికి వచ్చింది, బండోడి తల దగ్గర. అది జడలమ్మ నీలి గడిని తాకింది.

"మార్చుకోండ్రి" అన్నది పెద్దమ్మ. అతని ప్యాడ్ నాకు, నాది అతనికి. అతను ఆనాడు అడిగినట్టే. మళ్లీ ఎనిమిదికి బండోడే. ఆమె ప్యాడ్ తిప్పి చూసింది, వైరు లాగి మళ్లీ పెట్టింది. "పని చేస్తున్నది గద" అన్నది, ఎవరితోనో తెలియకుండా.

నాకు అప్పుడు తట్టింది. వాళ్లు కొలిచిన ఏడు బొమ్మలు జడలమ్మ నిలబడి తన్నినప్పటివి. ఎగిరి దిగినప్పటి లెక్క ఎన్నడూ విడిగా కొలవలేదు.

లక్ష్మానే చెప్పాడు. "దిగినంక రెండు బొమ్మలు ఆమె కాళ్లు లేవయి అమ్మా. ఏడు కాదు, తొమ్మిది. ప్యాడ్ మంచిదైనా నేను ఓడిపోయేటోన్నే."

"నీకెట్ల ఎరుక?"

"ఆడేటోనికి ఎరుకయితది. హాస్టల్ దాకా నడుసుకుంట పోతుంటే ఎరుకయింది. ప్రకాశే గెలిచిండు. నీ తీర్పు కరెక్టే."

పెద్దమ్మ ముఖంలో ఇరవై ఏళ్ల బరువు దిగుతుందేమో అనుకున్నాను. అలా జరగలేదు. ఆమె ఇంతకాలం తప్పు తీర్పును పట్టుకుని తిరిగింది. దాన్ని సరిదిద్దితే మనిషి తిరిగి దొరుకుతాడనుకుంది. సరిదిద్దడానికి అక్కడ ఏమీ లేదు.

"మరి ఎందుకు పోయినవు?" అన్నది. "ఓడిపోయినవని ఎరుకైతే, మల్ల ఎందుకు రాలే?"

లక్ష్మా ప్యాడ్ వైరును చుట్టడం మొదలుపెట్టాడు. జవాబు సోని చెప్పింది.

"మా ఇంట్ల పిల్లలు ఆడుకుంట దొంగాట అనుకున్నరనుకో, ఈయన లేచి బయటికి పోతడమ్మా. తిట్టడు, కొట్టడు. పోతడు అంతే. ఎందుకని చానా ఏండ్లు అడిగిన. మొన్న మీ ఫోనొచ్చినంక చెప్పిండు."

అతను ఆమెతో వాళ్ల భాషలో ఏదో అన్నాడు, చాలు అన్నట్టు. ఆమె వినలేదు. "ఊరోళ్లు ఎందరో అన్నరట. అది అలవాటే. మీరంటరని అనుకోలేదట."

తెర మీద జడలమ్మ వెనక్కి పడుతూ, సగంలో, గాల్లో ఆగి ఉంది. అభినవ్ వచ్చి, "ఆమె ఎందుకు కింద పడట్లేదు?" అని అడిగాడు.

పెద్దమ్మ సోఫా మీద నుంచి దిగి నేల మీద, అతనికి ఎదురుగా కూర్చుంది. మోకాళ్లు పట్టేసినా కూర్చుంది. "ఆ మాట నేనే అన్న లక్ష్మా. నువ్వు అసుంటోనివి కాదని నాకు ఎరుక. ఎరుకుండి గుడ అన్న. ఎనకాల వాళ్లు ఒర్రుతుంటే నోరు మూసుకున్న. తప్పయింది."

అతను తల ఎత్తలేదు. వైరు చుట్టడం పూర్తి చేసి, ప్యాడ్‌ను పెట్టె మీద పెట్టాడు. "టీ సల్లారిపోయింది" అన్నాడు. సల్లారిన టీనే తాగాడు. సోని వైపు చూశాడు. ఇద్దరూ లేచారు. గుమ్మం దగ్గర చెప్పులు తొడుక్కుంటూ, "వ్యాన్ల డీజిల్ పోయించాలె మేడం" అని నాతో అన్నాడు.

ఆమె వాకిట్లోకి వెళ్లి, బండి మలుపు తిరిగేదాకా నిలబడింది.

సోమవారం పొద్దున వ్యాన్ వచ్చింది. అభినవ్‌ను ఎక్కించి, ఇన్‌హేలర్ ఏ జేబులో ఉందో మళ్లీ చెప్పాను. లక్ష్మా "ఎరుకే మేడం" అన్నాడు. తర్వాత రోడ్డు వైపు చూస్తూ అడిగాడు.

"అమ్మ ఎప్పుడు పోతది?"

"ఈ రోజే. పది గంటల బస్సుకు."

"పిల్లలను దింపి వస్త. మూట బరువుంటది."

తొమ్మిదిన్నరకు వచ్చాడు. పెద్దమ్మను ముందు సీట్లో కూర్చోబెట్టాడు. నేను వెనక చిన్నపిల్లల సీట్లో మోకాళ్లు ముడుచుకుని కూర్చున్నాను. దారి పొడవునా ఆమె అతని వైపు చూస్తూనే ఉంది. అతను ముందున్న బొగ్గు లారీని చూస్తూ నడిపాడు.

బస్టాండులో హనుమకొండ బస్సు వచ్చేసరికి ఆడవాళ్లంతా తలుపు మీద పడ్డారు. వాళ్లకు ఉచిత ప్రయాణం వచ్చినప్పటి నుంచి సోమవారాలు ఇంతే. పెద్దమ్మ మూట పట్టుకుని వెనకే ఉండిపోయింది. లక్ష్మా బస్సు పక్కగా పరిగెత్తాడు. భుజం మీది తువ్వాల తీసి కిటికీలోంచి లోపలి సీటు మీదికి విసిరాడు.

"ఆ సీటు మాది! పెద్దమనిషి ఒస్తుంది, కూసోకుండ్రి!" అని కిటికీ కడ్డీలు పట్టుకుని అరిచాడు.

"తువ్వాలేస్తే సీటు నీదైతదా?" అని లోపలి నుంచి ఒకామె.

"మా అమ్మకు మోకాళ్లు నొస్తయి. జర జరుగక్కా, నీకు దండం పెడత!"

పెద్దమ్మ నా చెయ్యి పట్టుకుని ఎక్కింది. ఆ సీట్లో కూర్చుని, మూట ఒళ్లో పెట్టుకుని కిటికీలోంచి చూసింది. లక్ష్మా అప్పటికే వ్యాన్ దగ్గరికి నడుస్తున్నాడు. నేను దిగగానే బస్సు కదిలింది. ఆమె తువ్వాలను కిటికీలోంచి బయటికి పెట్టి ఊపింది. అతను వెనక్కి తిరిగి చూశాడు, చెయ్యి కొంచెం ఎత్తాడు. ఉండనీ అన్నాడో, పోయి రా అన్నాడో నాకు తెలియలేదు.

పరకాల దాటాక ఆమె ఫోన్ చేసింది. బస్సు చప్పుడులో గొంతు తెగి తెగి వినిపించింది.

"తువ్వాల నా తాననే ఉండిపోయింది బిడ్డా."

"ఉండనీ పెద్దమ్మా. నువ్వే తెచ్చి ఇయ్యొచ్చు."

"మల్ల రమ్మన్నడా?"

"అనలేదు."

"వద్దన్నడా?"

"అదీ అనలేదు."

బస్సు హారన్ గట్టిగా మోగింది.

"మా అమ్మ అన్నడు, ఇన్నవా? అందరి ముంగట" అన్నది. తర్వాత, "చెమట వాసనొస్తుంది. ఇంటికి పోంగనె ఉతికి ఆరేస్త" అన్నది.